చలిపుట్టింటి చాటువులు: టీకా తాత్పర్య సహితము

అవతారిక

ఈ చాటుపద్యాలు రెండూ తాళపత్రాల్లో దొరికినవి కావు. అమెరికాలోని టెక్సస్ రాష్ట్రంలో, డల్లాస్‌ను ఆనుకుని ఉన్న ఇర్వింగ్‌లో, ఒక తెలుగువారి ఫ్రిజ్ తలుపు మీద కరెంటు బిల్లుకీ పిల్లల బడి కాగితాలకీ నడుమ అయస్కాంతం కింద నలుగుతూ కనిపించాయి. కవి పేరు లేదు. కాలం వేసవి, కాగితం మీది ఎర్రటి మరకలే అందుకు శాసనాధారం. కవి ఛందస్సు పూర్తిగా తెలిసినవాడు, వంట సగం తెలిసినవాడు. ఆ మిగిలిన సగం కోసమే ఈ వ్యాఖ్య పుట్టింది.

మెదక్ సీమలోని కొలిచలమకు చెందిన మల్లినాథసూరి, మూలంలో లేనిది రాయనని ముందే ఒట్టు పెట్టుకుని కాళిదాసుకు వ్యాఖ్యానం చేశాడు. ఆయనకు చెల్లింది. కాళిదాసు అచ్చుల మాట, కొలతల మాట మరిచిపోయే కవి కాడు. మన కవి రెండూ మరిచాడు. కనుక ఇక్కడ మూలంలో లేనిదే ఎక్కువ రాయవలసి వస్తుంది, పెద్దలు మన్నించాలి.

వస్తువు ఇది: స్పెయిన్ వారి సాంగ్రియాను మెక్సికో వారి పలేటాగా గడ్డకట్టించడం. సాంగ్రియా అంటే ఎర్ర వైన్‌లో పండ్ల ముక్కలు, చక్కెర వేసి చల్లగా తాగేది. పలేటా మన పుల్లైసు జాతిదే. కాకపోతే అందులో రంగునీళ్ళకు బదులు నిజంగా పండు ఉంటుంది.

మూలము (ఆటవెలది)

పండ్లు గోసి మీఁదఁ బంచదారను జల్లి
ద్రాక్షసారఁ బోసి తగు మితముగఁ
బుల్ల గుచ్చి చలికిఁ బుట్టింటిలో నుంచ
గడ్డ గట్టు, నెండ గర్వ మణఁగు.

టీక

పండ్లు = కమలా, ఆపిల్, పీచ్ మొదలగు ఫలములను; కోసి = చిన్నముక్కలుగాఁ దరిగి; మీఁదన్ = వానిపై; పంచదారను = చక్కెరను; చల్లి = వెదజల్లి; ద్రాక్షసారన్ = ఎఱ్ఱని వైనును; తగు మితముగన్ = తగిన కొలఁదిగా; పోసి = కలిపి; పుల్లన్ = చదునైన కొయ్యపుల్లను; గుచ్చి = నిలువునఁ జొనిపి; చలికిన్ = శైత్యమునకు; పుట్టింటిలోన్ = జన్మస్థానమైన చోట, అనఁగా ఫ్రీజరులో; ఉంచన్ = ఉంచఁగా; గడ్డ కట్టున్ = ఘనీభవించును; ఎండ గర్వము = గ్రీష్మాతపము యొక్క పొగరు; అణఁగున్ = నశించును.

తాత్పర్యము

పండ్లు తరిగి, చక్కెర చల్లి, కొద్దిగా వైన్ పోసి, పుల్ల గుచ్చి ఫ్రీజర్‌లో పెడితే గట్టిపడుతుంది, వేసవి తాపం తీరుతుంది అని భావం. ఇంతమాత్రానికి వ్యాఖ్యానం దేనికని అడిగేవారు ఈ పద్యాన్ని నమ్ముకుని ఒకసారి చేసి చూడాలి. మర్నాడు అచ్చులోంచి పుల్ల ఒక్కటే ఊడి వస్తుంది. ఆ తరువాత విశేషాంశాలు చదవడానికి ఓపిక దానంతటదే వస్తుంది.

విశేషాంశములు

"మీఁదఁ బంచదారను జల్లి". కవి చక్కెరను రసంలో కలపమనలేదు, పండ్ల మీద చల్లమన్నాడు. ఇది పాదపూరణ కాదు. పండుముక్కలో ఉన్నది చాలావరకు నీరే. ముక్కను అలాగే వేస్తే ఆ నీరు గడ్డకట్టి పంటికింద గులకరాయి అవుతుంది. చక్కెర చల్లి రెండు గంటలు ఊరనిస్తే ముక్కలోని నీరు కొంత బయటికి వస్తుంది, చక్కెర కొంత లోపలికి పోతుంది. తీపి పట్టిన ముక్క ఫ్రీజర్‌లో కూడా మెత్తగానే ఉంటుంది. కమలా తొక్క పైపొరను సన్నగా తురిమి ఇదే సమయంలో వేసుకోవచ్చు. దాని కింది తెల్లపొర మాత్రం చేదు, దాన్ని రానివ్వకూడదు. దాల్చినచెక్క కవి చెప్పలేదు, నేను వేస్తాను.

ఎంత చక్కెర? చల్లదనానికి నాలుక తీపిని సరిగా గుర్తించదు. కాబట్టి గడ్డకట్టక ముందు రుచి చూసినప్పుడు ఒక పిసరు ఎక్కువైందే అనిపిస్తే, తినేటప్పుడు సరిపోతుంది. ముందే సరిగ్గా ఉందనిపించినది ఆ తరువాత చప్పగా తేలుతుంది.

"తగు మితముగ". ఈ పద్యానికి ప్రాణం ఇక్కడుంది. పైపైన చూసేవారికి ఇది మద్యం తక్కువ తాగమనే నీతివాక్యంలా కనిపిస్తుంది. కాదు. కవికి మన ఆరోగ్యం మీద దిగులు లేదు. ఉంటే చక్కెర దగ్గరే చెప్పేవాడు. ఇది భౌతికశాస్త్రం.

నీరు సున్నా డిగ్రీల దగ్గర గడ్డకడుతుంది. శుద్ధమైన ఆల్కహాల్ గడ్డకట్టాలంటే సున్నాకు 114 డిగ్రీలు దిగువకు పోవాలి. ఇంటి ఫ్రీజర్ మైనస్ 18 దగ్గరే ఆగిపోతుంది. నూటికి పన్నెండున్నర పాళ్ళ ఆల్కహాల్ ఉన్న వైన్ సున్నాకు నాలుగైదు డిగ్రీల దిగువన గడ్డకట్టడం మొదలుపెడుతుంది. మొదలుపెడుతుందే గానీ పూర్తిచేయదు. ముందుగా నీరు స్ఫటికాలుగా విడిపోతుంది. మిగిలిన ద్రవంలో ఆల్కహాల్ పాలు పెరుగుతుంది. పెరిగినకొద్దీ అది గడ్డకట్టడానికి ఇంకా ఎక్కువ చలి అడుగుతుంది. మైనస్ 18 దగ్గర ఈ బేరం ఆగేసరికి మూడో వంతుకు మించి ద్రవంగానే మిగిలిపోతుంది. అందులో చక్కెర కూడా ఉంటే ఆ మిగులు ఇంకా ఎక్కువ.

పండితుల్లో ఒక వర్గం ఉంది, వారిని ధారావాదులు అందాం. తగు మితమంటే సీసాకి తగిన మితమని, అంటే సీసాలో ఎంత ఉంటే అంత అని వారి అన్వయం. వైన్ పుల్లైసులో వైన్ కాక ఇంకేముండాలి అని వారి తర్కం. వారికి ప్రత్యుత్తరం ఇవ్వనక్కరలేదు. మర్నాడు ఉదయం అచ్చు ఇస్తుంది. చక్కెరను ఎంత పోసినా కొంత ఓర్చుకునే మంచు, ఆల్కహాల్‌ను ఓర్చుకోదు. గ్రాముకు గ్రాము లెక్కన ఘనీభవన స్థానాన్ని చక్కెర కంటే ఆల్కహాల్ సుమారు ఏడు రెట్లు కిందికి లాగుతుంది. ఏలనన, దాని అణువు చక్కెర అణువులో ఏడో వంతు బరువే. గ్రాముకు అన్ని ఎక్కువ అణువులు దిగుతాయి, నీటి అణువులు ఒకచోట చేరకుండా అడ్డం పడతాయి.

కొలత ఇది. వంద మిల్లీలీటర్ల అచ్చులు ఆరింటికి: తరిగిన పండ్లు 150 గ్రాములు, చక్కెర 80 గ్రాములు, కమలారసం 200 మిల్లీలీటర్లు, వైన్ 200 మిల్లీలీటర్లు, ఒక చెంచా నిమ్మరసం. మొత్తంలో ఆల్కహాల్ నూటికి నాలుగు పాళ్ళకు కాస్త పైన తేలుతుంది. ఐదు దాటకుండా ఉంటే పుల్ల నిలబడుతుంది. వైన్ లేత వయసుది, పండు వాసన ఎక్కువగా ఉన్నది కావాలి. స్పెయిన్ గర్నాచా బాగా నప్పుతుంది. వగరు ఎక్కువున్న వైన్ చల్లబడితే మరింత కరుకవుతుంది. ఖరీదైన సీసా తెరిచేవాడు దాన్ని గ్లాసులో పోసుకోవాలి, అచ్చులో కాదు.

ఆక్షేపము: వైన్‌ను ముందుగా మరగబెడితే ఆల్కహాల్ అంతా ఆవిరైపోతుంది కదా, ఆ తరువాత ఎంత పోస్తే ఏం?

సమాధానము: పోదు. అది 78 డిగ్రీల దగ్గర మరుగుతుందన్న మాట నిజమే గానీ, నీటితో కలిసినది అంత తేలిగ్గా విడిపోయి వెళ్ళదు. అమెరికా వ్యవసాయ శాఖ పట్టికల ప్రకారం పావుగంట సన్నని మంట మీద ఉడికించినా నూటికి 40 పాళ్ళు మిగులుతుంది, అరగంటకు 35, గంటకు 25. అంతసేపు ఉడికిన వైన్‌లో పండు వాసన మాత్రం ముందే సెలవు తీసుకుంటుంది. ఉండవలసింది పోయి, పోవలసింది ఉండిపోయే ఈ పద్ధతిని త్యజించాలి. మరగబెట్టాం కదా అని పిల్లలకు పెట్టడం అంతకన్నా పెద్ద తప్పు.

పిల్లలకూ, వైన్ ముట్టనివారికీ వేరే పాఠం ఉంది. మెక్సికోలో హమైకా అనే ఎర్రని పానీయం తాగుతారు. అది మన గోంగూర జాతి మొక్క కాయల చుట్టూ ఉండే కండగల ఎర్రరేకులను ఎండబెట్టి, వేణ్ణీళ్ళలో నానబెట్టి తీసేది. రంగు వైన్‌దే, పులుపు గోంగూరది. ద్రాక్షసార ఉన్న చోటల్లా దీన్ని పెట్టి చదువుకోవచ్చు. మితం అనే నియమం దీనికి వర్తించదు. గణభంగమైనా ఫలభంగం కాదు. ఒక్క హెచ్చరిక: రెండు పాఠాలూ ఒకే రంగులో గడ్డకడతాయి. పెద్దల అచ్చులు ఒక అరలో, పిల్లలవి వేరే అరలో ఉండాలి.

దోషవిచారము. మూడో పాదంలో కవి పుల్ల గుచ్చి, ఆ తరువాత చలిలో ఉంచమన్నాడు. ఇది క్రమభంగం. నీళ్ళలో గుచ్చిన పుల్ల నిలబడదు, ఒరిగి అచ్చు గోడకు ఆనుకుంటుంది. ఆచరణలో గంటో గంటన్నరో చలిలో ఉంచి, మిశ్రమం గుజ్జుగా మారుతుండగా పుల్ల గుచ్చాలి. కవిని సమర్థించేవారు ఉన్నారు: మూతకు చీలిక ఉన్న అచ్చులను దృష్టిలో పెట్టుకుని రాశాడని వారంటారు. అచ్చు అన్న మాటే పద్యంలో లేనప్పుడు దాని మూత ఎక్కడినుంచి వచ్చిందో వారే చెప్పాలి. యతి కోసం పుల్లను ముందుకు లాగాడని నా అభిప్రాయం.

గుజ్జు అయ్యేవరకు ఆగడంలో ఇంకొక లాభం ఉంది. పలచని ద్రవంలో ముక్కలన్నీ అడుగుకు దిగుతాయి, లేదా పైకి తేలుతాయి. గుజ్జులో ఒకసారి కలిపి వదిలితే ఉన్నచోట ఉంటాయి. అందుకని గిన్నెలోనే చల్లబరిచి, కలిపి, ఆపైన అచ్చుల్లో పోసేవారు నాకంటే తెలివైనవారు.

"చలికిఁ బుట్టింటిలో". ఫ్రీజర్ అని టీకలో చెప్పాం. ఉప్పునీటి తొట్టి అని మరొక అర్థం కూడా కుదురుతుంది. మంచుకు ఉప్పు కలిపితే ఆ మిశ్రమం మైనస్ 21 దాకా దిగగలదు. మెక్సికోలో పలేటాలు చేసే అంగళ్ళలో ఉక్కు అచ్చులను బాగా చల్లార్చిన ఉప్పునీటిలో ముంచుతారు. చలి నలువైపుల నుంచీ ఒక్కసారిగా తగులుతుంది గనుక త్వరగా గడ్డకట్టి, స్ఫటికాలు సన్నగా వస్తాయి. ఇంటి ఫ్రీజర్‌లో చల్లటి గాలి మెల్లగా పని చేస్తుంది, స్ఫటికాలు మొరటుగా పెరుగుతాయి. ఈ పోటీలో ఇల్లు గెలవదు. పండ్లలో సగం మెత్తగా రుబ్బి కలిపితే కొంత పరువు దక్కుతుంది.

నామవిచారము. దీన్ని సాంగ్రియా అనవచ్చునా? ఐరోపా సమాఖ్య 2014లో చేసిన 251వ నిబంధన ప్రకారం ఆ పేరు స్పెయిన్, పోర్చుగల్‌లలో తయారైనదానికే సొంతం. ఇతరులు పెట్టుకుంటే ఎక్కడ చేశారో పక్కనే చెప్పాలి. ఆల్కహాల్ నాలుగున్నర పాళ్ళకు తగ్గకూడదు, పన్నెండుకు చేరకూడదు. అందులో కనీసం సగం ద్రాక్ష సరుకే ఉండాలి. తెల్ల వైన్‌తో చేసినదానికి క్లారెయా అని వేరే పేరు. ఈ లెక్కన మన వైన్ మూడో వంతే, మన పాళ్ళు నాలుగే, మన ఊరు ఇర్వింగ్. అన్ని పరీక్షలలోనూ తప్పాం. గట్టిపడాలంటే సాంగ్రియా కాకుండా పోవాలి, సాంగ్రియాగా ఉండాలంటే గట్టిపడకూడదు. కవి ఈ సంకటాన్ని ముందే గ్రహించి రెండు పద్యాల్లో ఎక్కడా ఆ పేరు వాడలేదు. మహాకవి లక్షణం.

మూలము (తేటగీతి)

ఉప్పు కారంబు నిమ్మతో నొనరఁ గూర్చి
చల్లి తినువాఁడు మెక్సికో జనుల సాటి;
రెండు దేశాల చుట్టమీ పండుపుల్ల;
మూడవది తెల్గు నాలుక ముచ్చటించు.

టీక అక్కరలేదు, పద్యం తేట. విశేషాంశాలకే పోదాం.

"ఉప్పు కారంబు". మెక్సికోలో కోసిన పండు మీద కారం, ఉప్పు, నిమ్మ చల్లుకోవడం వీధివీధినా ఉన్న అలవాటు. ఈ మూడింటినీ పొడిగా కలిపి సీసాల్లో అమ్మే తహీన్ 1985లో మొదలైంది. టెక్సస్ కిరాణా కొట్లలో పండ్ల పక్కనే ఉంటుంది. "చల్లి" అన్న క్రియను గమనించాలి. కవి లోపల కలపమనలేదు. ఉప్పు అణువు నీళ్ళలో రెండుగా విడిపోతుంది గనుక గడ్డకట్టడాన్ని ఆల్కహాల్ కంటే గట్టిగా అడ్డుకుంటుంది. అదే ఉప్పును అచ్చులోంచి తీసిన పుల్ల మీద చల్లితే పైపొర కొంచెం కరిగి తడి అవుతుంది, కారం ఆ తడికి అంటుకుంటుంది. లోపల దోషమైనది పైన గుణమైంది.

"రెండు దేశాల చుట్టమీ". నవీనులు ఇలాంటి వంటకాన్ని చూసి రెండు వంటలకు కొత్తగా వియ్యం కుదిరిందంటారు. వియ్యం కాదు, మేనరికం. 1521లో స్పెయిన్ వారు ఇప్పటి మెక్సికో నగరమున్న చోటును గెలుచుకున్నది మొదలు 1821 దాకా మూడు వందల ఏళ్ళు అక్కడ కాపురం ఉన్నారు. కమలా, నిమ్మ, చెరకు, ద్రాక్ష అన్నీ వాళ్ళ ఓడల్లోనే దిగాయి. ద్రాక్షతోటల విషయంలో మాత్రం సొంత వైన్ వ్యాపారం చెడకూడదని స్పెయిన్ రాజులు ఆంక్షలు పెట్టారు. ఆ ఆంక్షల నడుమ కూడా పరాస్ అనే ఊళ్ళో 1597లో అనుమతితో మొదలైన తోట నేటికీ కాసా మదేరో పేరుతో వైన్ తీస్తోంది. అమెరికా ఖండాల్లో అంతకంటే పాత వైన్ సంస్థ లేదు. కాబట్టి పలేటాలో వైన్ పోసినవాడు పరాయి ఇంటి వస్తువు తెచ్చినట్టు కాదు, ఎప్పుడో ఆగిన రాకపోకలు మళ్ళీ మొదలుపెట్టినట్టు.

పలేటా వైపు చుట్టరికం చూడాలంటే మిచోఆకాన్ రాష్ట్రంలోని తొకుంబో అనే చిన్న ఊరికి పోవాలి. ఊరి మొదట్లో స్వాగతం చెప్పేది దేవుడి విగ్రహమో నాయకుడి విగ్రహమో కాదు, పెద్ద కాంక్రీటు పలేటా. 1940లలో ఈ ఊరివాళ్ళు మెక్సికో నగరం చేరి అంగళ్ళు తెరిచారు. బంధువులకూ ఊరివారికీ అప్పిచ్చి, పని నేర్పి దేశమంతా పంపారు. మిచోఆకానా పేరుతో వేల అంగళ్ళు వెలిశాయి, సరిహద్దు దాటి టెక్సస్‌కూ వచ్చాయి, పెద్ద యజమాని అంటూ ఒక్కడు లేకుండా. కాకినాడ కాజా, ఆత్రేయపురం పూతరేకులు తెలిసినవారికి ఒక ఊరు ఒక తినుబండారాన్ని భుజాన వేసుకోవడం కొత్త కాదు; కానీ ఆ ఊళ్ళలో ముఖద్వారానికి అంత ధైర్యం చేసినవారు కనబడరు.

స్పెయిన్ వైపు కథ చిన్నది. 1964లో న్యూయార్క్ ప్రపంచ ప్రదర్శనలో స్పెయిన్ మంటపం పోసిన సాంగ్రియాతో అమెరికాకు ఆ రుచి బాగా పరిచయమైంది. ఆ తరువాతి అరవై ఏళ్ళలో టెక్సస్‌లో ఆ రెండూ ఒకే ఫ్రీజర్‌లో కలవడం పెద్ద వింత కాదు.

"మూడవది". ఏం మూడవది? చుట్టం అని ముందు పాదం నుంచి తెచ్చుకోవాలి. తెలుగువాడు చుట్టరికం కలుపుకోవడం అతిశయోక్తి అలంకారమని కొందరంటారు. కాదు, స్వభావోక్తి. మిరపకు పుట్టిల్లు మెక్సికో. 16వ శతాబ్దంలో పోర్చుగీసు ఓడల మీద అది మన తీరాలకు వచ్చింది. ఆ తరువాత గుంటూరు దాన్ని సొంతం చేసుకుని పుట్టింటి పేరే మరిపించింది. మన వైపు మామిడి ఫిలిప్పీన్స్ మీదుగా, మనీలా నుంచి అకపుల్కోకు పోయే ఓడల్లో మెక్సికో చేరింది. అక్కడ వాళ్ళు దానిని కోసి కారం చల్లుకున్నారు. ఇక్కడ మనం జామకాయ కోసి కారం చల్లుకున్నాం. ఒకరినొకరు చూడకుండానే ఇద్దరూ ఒకే పని చేశారు. ఇర్వింగ్‌లో తెలుగువాడు పలేటా మీద తహీన్ చల్లుకుంటున్నప్పుడు అతనికి ఎవరూ నేర్పనక్కరలేదు. సీసా మూత తీయడం వస్తే చాలు.

పాఠభేదము. చివరి పాదంలో "ముచ్చటించు" దగ్గర అదే కాగితం మీద వేరే సిరాతో "మురిసిపోవు" అని దిద్ది ఉంది. గణాలకు, యతికి రెండూ సరిపోతాయి. ఏది గ్రాహ్యం? మంచు తగిలిన నాలుక మొద్దుబారుతుంది, మాట్లాడలేదు. కనుక ముచ్చటించు అనడం అసంభవ దోషమని దిద్దినవారి వాదం కావచ్చు. వాదం బలమైనదే. కానీ కారం సంగతి వారు ఆలోచించలేదు. మిరప మంటను గుర్తించే నాడులు చలిలో మందగిస్తాయి. పుల్ల నోట్లో ఉన్నంతసేపు కారం ఉన్నట్టే తెలియదు. ముక్క కరిగి నాలుక వేడెక్కిన తరువాత మంట మెల్లగా లేస్తుంది, అప్పుడు మనిషి తప్పకుండా మాట్లాడతాడు. కాబట్టి రెండు పాఠాలూ సాధువులే, వరుస మాత్రం తప్పకూడదు: ముందు మురిసిపోవు, ఒక అరనిమిషం తరువాత ముచ్చటించు. పద్యంలో ఒకదానికే చోటుంది గనుక, నోరు మండుతుండగా రాసిన కవి పాఠాన్నే ఉంచాను.